గొంతుతో బతకదలచిన అమ్మాయికి

చిరంజీవి అమ్మాయికి పెదనాన్న ఆశీస్సులు.

ఉద్యోగం మానుకుని ఆడియో పుస్తకాలు, ధ్వని నాటకాలే వృత్తిగా పెట్టుకుంటానని, నీ గొంతు బాగుందని అందరూ అంటున్నారని రాశావు. గొంతు బాగుందన్న మాట నిజమే. కాని ఆకాశవాణి నాటక విభాగంలో నేను పనిచేసిన కాలంలో కంచు గొంతుతో ఆడిషన్‌కు వచ్చి వెనుదిరిగినవారినీ, సాదా గొంతుతో వచ్చి ఏళ్ళ తరబడి శ్రోతలకు గుర్తుండిపోయినవారినీ చూశాను గనక, ఆ మెప్పును నమ్ముకుని రాజీనామా ఇవ్వవద్దని ముందే చెబుతున్నాను. మన రేడియో నటుల సంగతులు నీకు చిన్నప్పటినుంచీ చెబుతూనే ఉన్నాను. ఈసారి అమెరికా నటుడు విలియం కాన్రాడ్ సంగతి చెబుతాను. రేడియో వెలుగునూ, అది ఆరిపోవడాన్నీ, టెలివిజన్ రాకనూ కళ్ళారా చూసి, మూడింటిలోనూ పని సంపాదించుకున్న మనిషి ఆయన.

1920లో లూయీవిల్‌లో పుట్టిన కాన్రాడ్ లాస్ ఏంజెలెస్‌లోని కేఎంపీసీ స్టేషన్‌లో అనౌన్సరుగా మొదలై, ఆ రోజుల్లోనే రాయడం, దర్శకత్వం కూడా అలవాటు చేసుకున్నాడు. తాను వేసిన రేడియో పాత్రలు 7,500 దాకా ఉంటాయని తర్వాత ఆయనే అంచనా కట్టాడు. ఆ లెక్క చూసి బెదిరిపోకు. ఆనాటి అరగంట నాటకాల్లో ఒకే నటుడు రెండు మూడు చిన్న పాత్రలు వేయడం మామూలే; ఉదయం ఒక స్టూడియోలో, సాయంత్రం మరొక దానిలో పని ఉండేది. నువ్వు నేర్చుకోవలసింది ఆ పాత్రలను వేరుచేసి చూపే పద్ధతి. ముసలివాడికి గొంతు వణికించి, పిల్లవాడికి సన్నం చేసి పలికితే అది అనుకరణ అవుతుంది. మాట వేగం, ఊపిరి తీసుకునే చోటు, జవాబు చెప్పే ముందు మనిషి ఎంతసేపు ఆలోచిస్తాడన్న విషయం మార్చి చూడు. గొంతు అదే అయినా మనిషి మారిపోతాడు.

1952 ఏప్రిల్ 26న అమెరికా ప్రసార సంస్థ సీబీఎస్ రేడియోలో ‘గన్‌స్మోక్’ అనే నాటక ధారావాహిక మొదలైంది. అందులో డాడ్జ్ సిటీ అనే ఊళ్ళో శాంతిభద్రతలు చూసే మార్షల్ మ్యాట్ డిలన్ పాత్ర కాన్రాడ్‌దే. నార్మన్ మెక్‌డానెల్ దర్శకత్వంలో, ఎక్కువగా జాన్ మెస్టన్ రచనలతో, పెద్దల కోసం చేసిన వెస్టర్న్, అంటే పాత అమెరికా పశ్చిమ ప్రాంతపు కథ, అది. ఆ భాగాలను ఒక్కొక్కటి రెండుసార్లు విను. మొదటిసారి కథ కోసం, రెండోసారి కాన్రాడ్ మాట్లాడనిచోట ఏం జరుగుతోందో తెలుసుకోవడానికి. చెక్క వసారా మీద బూట్ల చప్పుడు, దూరంగా కుక్క అరుపు, తలుపు తీశాక ఎవరూ ఏమీ అనని కొద్ది క్షణాలు: ఈ మౌనాలకు మెక్‌డానెల్ చోటిచ్చాడు, నటులు వాటిని చెడగొట్టలేదు. గదిని నింపగలిగిన గొంతు ఉండి కూడా కాన్రాడ్ దాన్ని అణిచిపెట్టి, హత్యలు చూసి చూసి విసిగిన మనిషిగా పలుకుతాడు. నాకు తరువాత టెలివిజన్‌లో వచ్చిన డిలన్ కన్నా ఈ డిలనే ఎక్కువ మనిషిగా తోస్తాడు. మా రేడియోవాళ్ళ పక్షపాతం కావచ్చులే.

నువ్వు పంపిన రికార్డింగులో ప్రతి వాక్యమూ ఒకే ఎత్తున మోగింది. కోపానికి మైకు మీదకు వంగావు, దుఃఖానికీ వంగావు. గట్టిగా పలికేటప్పుడు మైకుకు కాస్త ఎడంగా జరిగి ముఖం పక్కకు తిప్పాలి. గుసగుసకు దగ్గరకు రావాలి. ఎదుటి పాత్ర మాట్లాడుతున్నప్పుడు నీ తరువాతి వాక్యం మీద చూపు పెట్టకుండా ఆ మాట వినాలి. వినకుండా ఇచ్చిన జవాబు శ్రోతకు ఇట్టే తెలిసిపోతుంది.

ఇక నువ్వు భయపడుతున్న సంగతికి వస్తాను. 1955 సెప్టెంబరులో ‘గన్‌స్మోక్’ టెలివిజన్‌కు వెళ్ళినప్పుడు ఆ గొంతులకు అక్కడ చోటు దొరకలేదు. పొట్టిగా, లావుగా ఉండే కాన్రాడ్ స్థానంలో ఆజానుబాహువు జేమ్స్ ఆర్నెస్ వచ్చాడు. చెస్టర్‌గా పలికిన పార్లీ బేర్, డాక్టరుగా పలికిన హోవర్డ్ మెక్‌నియర్, కిట్టీగా పలికిన జార్జియా ఎలిస్ కూడా మారిపోయారు. వాళ్ళు మాత్రం 1961 జూన్ దాకా రేడియో రూపాన్ని కొనసాగించారు; అంటే తమ పాత్రలను వేరేవాళ్ళు తెర మీద వేస్తుండగా, దాదాపు ఆరేళ్ళు అదే శ్రద్ధతో పలికారు. యంత్రాలు చదివే గొంతులు వచ్చి నీ పని పోతుందేమోనని అడిగావు కదా. పని కొంత పోవచ్చు. అప్పుడు నీ చేతిలో ఇంకేం ఉందన్నదే అసలు ప్రశ్న.

కాన్రాడ్ చేతిలో చాలా ఉన్నాయి. టెలివిజన్‌లో దర్శకత్వం చేశాడు, ‘గన్‌స్మోక్’ భాగాలతో సహా. టెలివిజన్ కార్టూన్‌లో బుల్‌వింకిల్ అనే దుప్పి కథలు ఊపిరాడనంత హడావిడిగా వినిపించాడు. ‘ద ఫ్యుజిటివ్’ అనే టెలివిజన్ ధారావాహికకు వ్యాఖ్యానం గంభీరంగా చెప్పాడు. రెండిటినీ పక్కపక్కన విని చూడు. 1962 సెప్టెంబరు 30న సీబీఎస్ తన చివరి రేడియో నాటకాలను ప్రసారం చేసి ఆపేసిన నాటికి ఆయనకు వేరే దారులు సిద్ధంగా ఉన్నాయి. ఆ తర్వాత 1971లో, 50 ఏళ్ళు దాటాక, ‘క్యానన్’ అనే డిటెక్టివ్ ధారావాహికలో నాయకుడయ్యాడు. ఒకప్పుడు అడ్డమైన ఆ భారీ శరీరమే ఆ పాత్రకు గుర్తు అయింది. ఆ ధారావాహిక అయిదేళ్ళు నడిచింది.

కాబట్టి ఉద్యోగం వెంటనే మానకు. సాయంత్రాలు, సెలవులు దీనికి పెట్టు. ఎడిటింగు నేర్చుకో, చిన్న నాటికలు రాసి మరొకరిచేత పలికించి చూడు. అవతలివాళ్ళను నడిపిస్తే నీ తప్పులు నీకే కనిపిస్తాయి. ఒప్పందం విషయంలో మొహమాటం వద్దు. అమెరికా రేడియో నటులు 1937లోనే సంఘం కట్టుకుని పారితోషికాల మీద బేరమాడారు. నీ గొంతును ఎక్కడ, ఎంతకాలం, ఏ పనికి వాడుకుంటారో, యంత్రానికి నేర్పడానికి ఇస్తారో లేదో కాగితం మీద స్పష్టంగా ఉంటేనే సంతకం చెయ్యి.

ముందుగా ‘ఎస్కేప్’ అనే రేడియో నాటకాల శీర్షికన 1948 జనవరిలో వచ్చిన, లైనింగెన్ అనే మనిషి చీమల దండుతో పోరాడే నాటకం విను; అందులో కాన్రాడ్ గొంతు పూర్తిగా విప్పుతాడు. తరువాత ‘గన్‌స్మోక్’ విను. రెండూ విన్నాక, నాకు పంపిన ఆ రెండు పేజీలనే మళ్ళీ చదివి పంపు. ఈసారి సంగీతం కలపవద్దు.

ఇట్లు,
మీ పెదనాన్న