నీ సినిమాలో నువ్వెక్కడున్నావు

అమ్మలూ,

నీ గురించి నువ్వే తీసుకుంటున్న సినిమాకని పంపిన ఫుటేజ్ అంతా చూశాను. ఫోన్ ఎదురుగా కూర్చుని నీ గురించి నువ్వు చెప్పుకున్నవన్నీ ప్రస్తుతానికి పక్కన పెట్టు. నువ్వు నిజంగా దొరికింది ఒక్కచోటే. స్పీకర్‌లో మీ అమ్మ "ఏం కూర చేసుకున్నావే?" అంటే "బెండకాయ" అని చెబుతూ మ్యాగీ గిన్నె మీద మూత పెట్టావే, అక్కడ. ఫ్రేములో నీ చెయ్యి, ఆ గిన్నె, అంతే. నీ సినిమా అక్కణ్ణుంచి మొదలుపెట్టు.

బెల్జియం దర్శకురాలు షాంటాల్ అకర్మాన్ న్యూయార్క్‌లో తీసిన 'న్యూస్ ఫ్రమ్ హోమ్' సినిమా వెతుక్కుని చూడు. ఇరవై ఒకటో ఏట ఆ ఊళ్ళో ఒంటరిగా బతుకుతున్నప్పుడు వాళ్ళమ్మ బెల్జియం నుంచి ఉత్తరాలు రాసేది. 1976లో మళ్ళీ వెళ్ళి అక్కడి వీధులూ, సబ్‌వే తీసి, వాటి మీద ఆ ఉత్తరాలు తన గొంతుతో చదివింది. తను మాత్రం తెర మీదకు రాదు. కార్ల రొద, రైళ్ళ మోత పెరిగినప్పుడు అమ్మ మాటలు మునిగిపోతాయి. వాటిని అలాగే వదిలేసింది. అమ్మ ఎంత దూరాన ఉందో ఆ రొద వల్లే మనకు తెలుస్తుంది.

నువ్వేమో కుక్కర్ కూత అడ్డొచ్చిందని ఆ కాల్ కత్తిరిస్తానంటున్నావు. దయచేసి కత్తిరించకు. పైగా, ఎవరూ మాట్లాడనప్పుడు నీ గది చప్పుడు ఒక నిమిషం విడిగా రికార్డు చేసి ఉంచుకో: ఫ్యాను, పక్క ఫ్లాటు టీవీ, కింద స్కూటర్లు. రెండు ముక్కలు అతికేటప్పుడు అది కింద పరిస్తే కోత చెవికి తెలియదు. ఎడిటింగ్ టేబుల్ దగ్గరే బతికినవాణ్ణి, ఈ ఒక్క మాట నమ్ము.

ఇంకోటి. మీ అమ్మ గొంతు ఆమెది. ఆ కాల్ వాడుకునే ముందు ఆమెకు వినిపించు, బెండకాయ సంగతి నీ నోటితోనే చెప్పు. వద్దంటే మానెయ్, బతిమాలకు. మన బతుకును సినిమా తీసే హక్కు మనకుంది గానీ, అందులోకి వచ్చే వాళ్ళ బతుకుల మీద లేదు.

బ్యూటీ ఫిల్టర్ తీసెయ్. ఫ్రెంచ్ దర్శకురాలు అన్యెస్ వార్దా డెబ్బై దాటాక చిన్న డిజిటల్ కెమెరా ఒక చేత్తో పట్టుకుని, రెండో చేతి ముడతలు అంత దగ్గరగా తీసింది. నీకేం భయం?

రోజూ తియ్యి, కానీ వెంటనే ఎడిట్‌కి కూర్చోకు. తీసిన రోజున మన మనసులో ఉన్నదే షాట్‌లోనూ ఉందనిపిస్తుంది. కొన్ని నెలలు పోతే గానీ అందులో ఏముందో కనబడదు. తన బతుకునే డైరీలా సినిమా తీసిన జోనస్ మెకాస్ లిథువేనియా నుంచి శరణార్థిగా 1949లో న్యూయార్క్ చేరి, అప్పు చేసి బోలెక్స్ అనే చిన్న ఫిల్మ్ కెమెరా కొన్నాడు. అప్పటి నుంచి 1963 దాకా తీసిన ముక్కలు 'లాస్ట్ లాస్ట్ లాస్ట్' అనే సినిమా అయింది 1976లో! ఆయన రీళ్ళు దాచుకున్నాడు కాబట్టి అయింది. నీ ఫోన్ పోతే ఏం మిగులుతుంది? ప్రతి క్లిప్పుకీ తేదీ, చోటు రాసి రెండు హార్డ్ డిస్కుల్లో పెట్టు. సంక్రాంతికి వచ్చేటప్పుడు ఒకటి ఇక్కడికి పట్టుకురా, నా బీరువాలో ఉంచుతాను.

మీ మామయ్య