బ్రేక్ పైపు తెగితే రైలు ఎందుకు ఆగుతుంది, ఎప్పుడు ఆగదు?

మీరు అడిగింది: నడుస్తున్న రైలు మధ్యలో విడిపోతే ఇంజను లేని వెనక పెట్టెలకు గాలి అందదు కదా, మరి వాటికి బ్రేకు ఎలా పడుతుంది?

గాలి అందకపోవడం వల్లే పడుతుంది. ఎయిర్ బ్రేకులో పైపులోని గాలి బ్రేకు వేయదు, బ్రేకును వదిలి ఉంచుతుంది. సాధారణంగా రైలు పొడవునా సాగే బ్రేక్ పైపులో చదరపు సెంటీమీటరుకు 5 కిలోల ఒత్తిడి ఉంటుంది. ప్రతి పెట్టె కిందా ఒక గాలి ట్యాంకు, డిస్ట్రిబ్యూటర్ వాల్వు ఉంటాయి. పైపులో ఒత్తిడి పడిపోగానే ఆ వాల్వు ట్యాంకులో నిల్వ ఉన్న గాలిని బ్రేక్ సిలిండర్‌లోకి వదులుతుంది. ఒత్తిడిని 3.5 దాకా దించితే పూర్తి బ్రేకు. పైపు తెగితే ఒత్తిడి సున్నా, ముందు భాగానికీ వెనక భాగానికీ ఎమర్జెన్సీ బ్రేకు.

ఇది ఎన్నో ప్రాణాలు పోయాక వచ్చిన నియమం. 1889 జూన్ 12న ఐర్లండులోని ఆర్మా దగ్గర పిల్లలతో కిక్కిరిసిన విహారయాత్ర రైలు మిట్ట ఎక్కలేక నిలిచిపోయింది. ముందు భాగాన్ని విడదీసి తీసుకెళ్దామనుకున్నారు. దానిది వ్యాక్యూం బ్రేకే గానీ, ఇంజను గాలి లాగితేనే పనిచేసే రకం. పెట్టెలను కలిపే కప్లింగ్ విప్పగానే వెనక 10 పెట్టెలకు మిగిలింది ఒక హ్యాండ్ బ్రేకు, చక్రాల కింద పెట్టిన రాళ్లు. విప్పేటప్పుడు ముందు భాగం కాస్త వెనక్కి జరిగి తగిలింది, అంతే. పెట్టెలు పల్లానికి దొర్లి, వెనక వస్తున్న రైలును గుద్దాయి. 80 మంది చనిపోయారు. ప్రయాణికుల రైళ్లకు తనంతట తానే పడే బ్రేకు తప్పనిసరి అని బ్రిటన్ పార్లమెంటు అదే ఏడాది చట్టం చేసింది.

ఆ బ్రేకుకూ లోపాలు ఉన్నాయి. అసలు తెలుసుకోవాల్సింది వాటినే.

మొదటిది, పైపు మధ్యలో కాక్ (గాలిని ఆపే కుళాయి) మూసుకుపోవడం. 1988 జూన్ 27న పారిస్ దగ్గర ఒక ప్రయాణికురాలు అలారం లాగింది. దాన్ని సరిచేస్తూ డ్రైవరు పొరపాటున బ్రేక్ పైపు కాక్ మూసేశాడు. దానికి అవతలున్న పెట్టెల బ్రేకులు వదలలేదు. గాలి ఇరుక్కుందనుకుని వాటి ట్యాంకులు ఖాళీ చేశారు. చక్రాలు తిరిగాయి గానీ, పైపు మూసి ఉంది కాబట్టి ఆ ట్యాంకులు మళ్లీ నిండలేదు. డ్రైవరు క్యాబ్‌లో ఒత్తిడి చూపే గేజ్ మాత్రం మామూలుగానే చూపించింది. గార్ ద లియాన్ స్టేషన్‌లో ఆగి ఉన్న రైలును ఢీకొని 56 మంది చనిపోయారు.

అందుకే ఇంజనులోని గేజ్‌ను మాత్రమే నమ్మి రైలు కదపకూడదు. పెట్టె కలిపినా, విప్పినా, ఏ కాక్ ముట్టుకున్నా చివరి పెట్టె దగ్గర ఒత్తిడి చూడాలి. తర్వాత చివరి కాక్ తెరిచి ఇంజను గేజ్ పడుతోందో లేదో గమనించాలి. పడకపోతే మధ్యలో ఎక్కడో పైపు మూసి ఉన్నట్టే.

రెండోది, గాలి నెమ్మదిగా కారిపోవడం. చిన్న లీకులకే బ్రేకు పట్టేయకుండా వాల్వును తయారుచేస్తారు. కాబట్టి గంటల తరబడి కొద్దికొద్దిగా పోయే గాలికి అది స్పందించకపోవచ్చు. 2013 జూలై 6న కెనడాలోని లాక్ మెగాంటిక్‌లో జరిగింది అదే. 72 చమురు ట్యాంకర్ల రైలును వాలులో నిలిపారు. ఇంజనులో మంటలు లేచాయి, ఆర్పినవాళ్లు ఇంజను ఆపేశారు. గాలి నింపే కంప్రెసర్ ఆగిపోవడంతో గాలి కారిపోయి, ఇంజనుకున్న గాలి బ్రేకు వదిలేసింది. మిగిలినవి 7 హ్యాండ్ బ్రేకులు, అవి చాలక రైలు పల్లానికి దొర్లింది. 47 మంది బలయ్యారు. రైలును నిలిపి ఆ హ్యాండ్ బ్రేకులను పరీక్షించినప్పుడు ఇంజను బ్రేకు కూడా వేసే ఉంది. రైలును పట్టి ఉంచిందేదో అప్పుడు తెలియలేదు. అందువల్ల నిలిపిన రైలును పరీక్షించేటప్పుడు ముందు గాలి బ్రేకులన్నీ వదలాలి. ఆ తర్వాత ఇంజనుతో మెల్లగా లాగి చూడాలి. కదిలితే మరిన్ని హ్యాండ్ బ్రేకులు బిగించి మళ్లీ లాగాలి.