కేసు నడుస్తుండగా మరో ఉద్యోగం చేస్తే వెనకటి జీతం పోతుందా?

ప్రశ్న: మా అబ్బాయి ఐటీఐ ఫిట్టర్. పటాన్‌చెరు పారిశ్రామికవాడలోని ఒక కర్మాగారంలో ఆరేళ్లు పనిచేశాడు. సూపర్‌వైజర్‌ను దుర్భాషలాడాడన్న అభియోగంపై 2024లో విచారణ జరిపి డిస్మిస్ చేశారు. అప్పటికి జీతం నెలకు 18,500 రూపాయలు. లేబర్ కోర్టులో కేసు వేశాం. మరోచోట పనిచేస్తే వెనకటి జీతాలు రావని తోటివారు చెప్పడంతో ఇంట్లోనే ఉంటున్నాడు. ఇది సరైనదేనా? – ఒక తండ్రి, సంగారెడ్డి జిల్లా

జవాబు: సరైనది కాదండీ. కేసును వదులుకోనక్కర్లేదు, కానీ ఆ కేసు కోసం మీ అబ్బాయి పని మానుకుని కూర్చోవలసిన అవసరం అంతకన్నా లేదు. తోటివారి మాటలో కొంత నిజం ఉన్నా, అది సగమే.

తిరిగి విధుల్లోకి తీసుకోవడం, వెనకటి జీతం (తొలగించిన నాటి నుంచి రావలసిన జీతం) చెల్లించడం అనేవి కోర్టు విడివిడిగా తేల్చే విషయాలు. మహారాష్ట్రకు చెందిన ఒక ఉపాధ్యాయురాలి కేసులో 2013లో సుప్రీంకోర్టు, తొలగింపు అక్రమమని తేలితే సర్వీసు కొనసాగింపుతో (అంటే మధ్యలో విరామం లేనట్టే లెక్కించి), వెనకటి జీతంతో తిరిగి తీసుకోవడమే సాధారణ నియమమని చెప్పింది. అయితే ఆ జీతం కోరే ఉద్యోగి, ఈ కాలంలో తనకు వేరే ఉద్యోగం లేదని గానీ, ఉన్నా తక్కువ జీతానికే చేశానని గానీ ముందుగా కోర్టుకు తెలపాలి. అది అబద్ధమంటే నిరూపించే భారం అప్పుడు యాజమాన్యానిది. అంటే తక్కువ జీతానికి పనిచేసిన వ్యక్తికీ ఆ తీర్పులో చోటుంది. కోర్టు అతని సంపాదనను లెక్కలోకి తీసుకుంటుంది, ఆ మేరకు వెనకటి జీతాన్ని తగ్గించవచ్చు కూడా. అంతేగానీ పనిచేయడమే తప్పని ఎక్కడా అనలేదు.

ఒకసారి లెక్క వేసి చూడండి. రెండేళ్లకు పూర్తి జీతం ఇవ్వాలని తీర్పు వచ్చినా అది 4,44,000 రూపాయలు. సగమే ఇమ్మంటే 2,22,000. ఈలోగా నెలకు 15,000 చొప్పున పనిచేస్తే 3,60,000 చేతికి వస్తాయి, తేడా 84,000 అడిగే వీలూ ఉంటుంది. పైగా తీర్పు వచ్చాక యాజమాన్యం హైకోర్టుకు వెళ్తే మరికొన్నేళ్లు గడవవచ్చు. ఫిట్టర్ పనిలో చేయి తిరిగినవాడు అన్నేళ్లు పనికి దూరమైతే జరిగే నష్టాన్ని ఏ కోర్టూ డబ్బుగా ఇవ్వలేదు. నన్ను ఎక్కువగా బాధపెడుతున్నది అదే.

చేసిన పనిని మాత్రం దాచవద్దు. కొత్త యజమాని పీఎఫ్ కడితే అది అదే యూఏఎన్ నంబరు (ఉద్యోగం మారినా మారని పీఎఫ్ సభ్యత్వ సంఖ్య) కింద నమోదవుతుంది. యాజమాన్యం ఆ రికార్డును కోర్టు ముందు పెడితే, నిరుద్యోగిగా ఉన్నానన్న అఫిడవిట్ అబద్ధమై, న్యాయమైన కేసు కూడా దెబ్బతింటుంది. ఎప్పుడు చేరాడు, ఎంత జీతం, ఎక్కడెక్కడ దరఖాస్తు చేసి తిరస్కరణ పొందాడు అన్న వివరాలను కాగితాలతో సహా మీ న్యాయవాదికి అందించండి.

కేసు బలాబలాల విషయానికి వస్తే, దుర్భాషకు డిస్మిస్ చేయడం అతిగా ఉందని భావిస్తే శిక్షను తగ్గించే అధికారం 2025 నవంబరు వరకు అమల్లో ఉన్న 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టంలోని 11ఎ సెక్షన్ లేబర్ కోర్టుకు ఇచ్చింది. అయితే అభియోగం రుజువై శిక్ష మాత్రమే తగ్గినప్పుడు పూర్తి వెనకటి జీతం రావడం అరుదు కనుక ఆశలను ఆ మేరకు తగ్గించుకోవాలి. విచారణ నివేదిక ప్రతిని శిక్షకు ముందే మీ అబ్బాయికి ఇచ్చారా అన్నది తప్పక చూడండి. అలా ఇవ్వాలని హైదరాబాద్‌లోని ప్రభుత్వ రంగ సంస్థ ఈసీఐఎల్ కేసులో 1993లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఇవ్వనంత మాత్రాన ఉద్యోగం దానంతటదే తిరిగిరాదు. దానివల్ల తనకు నష్టం జరిగిందని చూపాలి. ఆ కారణంతో ఉత్తర్వు రద్దయినా, విచారణను ఆ దశ నుంచి మళ్లీ నడిపించే వీలు యాజమాన్యానికి ఉంటుంది, జీతం సంగతి ఆ తర్వాతే తేలుతుంది.

తీర్పులోని మాటలు కూడా ముఖ్యం. వెనకటి జీతం లేకుండా సర్వీసు కొనసాగింపు మాత్రమే ఇచ్చినప్పుడు, స్పష్టంగా చెప్పకపోతే మధ్యకాలపు ఇంక్రిమెంట్లు రావని ఏపీఎస్‌ఆర్టీసీకి సంబంధించిన కేసులో 2003లో సుప్రీంకోర్టు తేల్చింది. కనుక వాటిని విడిగా కోరమని మీ న్యాయవాదికి ఇప్పుడే చెప్పండి.

చదువు విషయంలో ఏ సంకోచమూ అక్కర్లేదు, ఎందుకంటే చదువుకోవడం ఆదాయం కాదు. అర్హత మార్కులు ఉండి, బ్రిడ్జి కోర్సు పూర్తిచేసి ఎల్‌పీసెట్ (ఐటీఐ చదివినవారికి పాలిటెక్నిక్ ప్రవేశ పరీక్ష) రాస్తే పాలిటెక్నిక్ రెండో సంవత్సరంలోనే చేరవచ్చు. బోధనపై ఆసక్తి ఉంటే ఇన్‌స్ట్రక్టర్లకు ఏడాదిపాటు శిక్షణ ఇచ్చే సీఐటీఎస్ కోర్సు కూడా ఆలోచించదగినదే.

కొత్త చోట ఇంటర్వ్యూలో పాత ఉద్యోగం గురించి అడిగితే, ఆరేళ్లు పనిచేశానని, తొలగించారని, ఆ వివాదం లేబర్ కోర్టులో ఉందని చెప్పమనండి. రాజీనామా చేశానని ఏ దరఖాస్తులోనూ రాయవద్దు. ఆ ఒక్క మాట కొత్త ఉద్యోగానికీ పాత కేసుకూ కూడా చేటు చేస్తుంది.