అమ్మలూ, ముందు బియ్యం సంగతి చూడు

అమ్మలూ,

ఇడ్లీ, దోశె విసుగొచ్చాయి, ఆ కొరియా వాళ్ల అన్నం గుడ్డూ మాంసం లేకుండా ఎలా చేయాలి పెద్దమ్మా అని అడిగావు. రెండేళ్లుగా మా ఇంట్లో ప్రతి గురువారం పొద్దున అదే టిఫిన్.

దాని పేరు బిబింబాప్. బాప్ అంటే అన్నం, బిబిం అంటే కలపడం. చద్దన్నం తిని పొలం వెళ్లినవాళ్ల మనవరాలివి, పొద్దున్నే అన్నమేంటని టెన్షన్ పడకు.

వాళ్ల బియ్యం పొట్టి గింజ, ఉడికితే అంటుకుంటుంది. మనమేమో పాత బియ్యమేనా అని రెండుసార్లు అడిగి మరీ కొంటాం. దీనికి మాత్రం కొత్తవే కావాలి. మన బాపట్ల బీపీటీ 5204, అదే సాంబ మసూరి, కొత్తవైతే, గ్లాసుకి రెండు గ్లాసుల నీళ్లు పోస్తే ముద్దకొచ్చేలా ఉడుకుతాయి. రాత్రే వండి, ఆవిరి పోగానే ఫ్రిజ్‌లో పెట్టు. బెజవాడ వేడికి బయట వదిలేస్తే తెల్లారేసరికి పాచిపోతుంది.

పొద్దున ఇనప మూకుడులో చెంచాడు నూనె వేసి, అన్నం పరిచి, నాలుగు నీటి చుక్కలు చిలకరించి మూత పెట్టు. సన్న సెగ మీద ఆరేడు నిమిషాలు గరిటె ముట్టుకోకు. ముందు చుయ్యిమంటుంది, తర్వాత చిటపటలాడుతుంది. ఆ చప్పుడు తగ్గి పేలాల వాసన వచ్చిందంటే అడుగున ఎర్రగా చెక్క కట్టినట్టే. వాళ్లు రాతి గిన్నెలో చేసేది ఇదే. చిన్నప్పుడు గిన్నె అడుగు మాడు కోసం మీ అమ్మా నేనూ పోట్లాడుకునేవాళ్లం.

ఇక కారం. వాళ్ల గోచుజాంగ్‌ని మిరపపొడి, జిగురు బియ్యం, పులిసిన సోయా, ఉప్పు కలిపి మట్టి జాడీల్లో నెలల తరబడి ఊరబెడతారు. మొదటిసారి నేను దాని బదులు రెండు చెంచాల గుంటూరు కారమే వేశాను. మీ పెదనాన్న రెండో ముద్దకే కళ్లనీళ్లు పెట్టుకుని కంచం పక్కన పెట్టేశారు. పొద్దున్నే ఖాళీ కడుపున ఆయన్ని అలా బాధపెట్టానని ఇప్పటికీ నాకు బాధే. వాళ్ల మిరపకి రంగెక్కువ, ఘాటు తక్కువ. మన సన్నాలు, తేజ మిరపలు అలా కాదు. ఇద్దరికైతే ఘాటు తక్కువుండే బ్యాడిగి మిరప కారం రెండు చెంచాలు తీసుకో, మన కారం పావు చెంచా చాలు. తురిమిన బెల్లం ఒక చెంచా, సోయా సాస్ ఒక చెంచా, నిమ్మరసం అర చెంచా వేసి వేడినీళ్లతో చిక్కగా కలుపు. సోయా సాస్‌లోనే ఉప్పుంటుంది, మళ్లీ వేయకు.

నువ్వుల నూనె సంగతి కూడా చెప్పాలి. వాళ్లది వేయించిన నువ్వులతో తీసింది. మన గానుగ నూనె పచ్చి నువ్వులది, ఆ కమ్మదనం రాదు. అందుకని రెండు చెంచాల నువ్వులు దోరగా వేయించి, వేడి మీదే రోట్లో కచ్చాపచ్చాగా నూరి, ఆ నూనెలోనే కలుపు.

కూరగాయలు పటమట రైతుబజార్లో దొరికేవే. పాలకూర మరిగే నీళ్లలో అర నిమిషం ముంచి, చన్నీళ్లలో వేసి గట్టిగా పిండు. మొలకెత్తిన పెసలు రెండు నిమిషాలు ఉడికించు, పచ్చివి వద్దు. క్యారెట్, పుట్టగొడుగులు విడివిడిగా వేయించు. కీర దోసకాయకి ఉప్పు రాసి పిండేయ్. దేని ఉప్పు దానికే వేయాలి. అన్నీ ఒకే మూకుడులో వేస్తే అది మామూలు వేపుడే అవుతుంది. పాలకూర, పెసలు రాత్రే చేసుకుంటే పొద్దున పని పావుగంటే. అన్నం మీద కూరగాయలన్నీ విడివిడిగా పేర్చి, గుడ్డు బదులు పనీర్ ముక్కలు ఎర్రగా కాల్చి పైన పెట్టు. ఆ కారం, నువ్వుల నూనె వేసి, తినేముందు అంతా కలుపుకో.

తిరగమోత వేయకు. చెయ్యి అటే పోతుంది, నాకు తెలుసు. ఆవకాయ కూడా కలపకు, ఆవపిండి ఘాటుకి నువ్వుల వాసన నిలవదు. అది విడిగా, ఇంకో పూట.

పక్కన నంజుకోవడానికి కిమ్చీ, అదే వాళ్ల క్యాబేజీ ఊరగాయ, కొంటే సీసా వెనక చదువు. చాలావాటిలో చేప సాసో, ఊరబెట్టిన రొయ్యలో ఉంటాయి. పచ్చ చుక్క లేకపోతే అక్కడే పెట్టేసి రా. గోచుజాంగ్ డబ్బాకీ అంతే.

ఆదివారం గుంటూరు వస్తావుగా, అరకేజీ బ్యాడిగి కారం ఆడించి ఉంచాను, పట్టుకెళ్లు.

మీ పెద్దమ్మ