గ్రీసుకు వెళ్తున్న యువ రచయిత్రికి

అమ్మా,

నీ ఉత్తరమూ, దానితో పంపిన ప్రయాణ పట్టికా అందాయి. ఏథెన్స్‌లో బయలుదేరి కొరింథు, మైసీనీ, ఎపిడారస్, నాఫ్లియో, మిస్త్రాస్, ఒలింపియా, డెల్ఫీ, మెటియోరా చూసుకుని మళ్లీ ఏథెన్స్ చేరతారన్నమాట. బృందంతో కాకుండా మీ కుటుంబానికే ప్రత్యేకంగా కారు, డ్రైవరు, కొన్నిచోట్ల గైడు. మంచి ఏర్పాటు. దీన్నంతా యాత్రా వ్యాసాలుగా రాయాలని ఉంది, ఎలా రాయమంటారని అడిగావు.

పట్టిక రెండుసార్లు చదివాను. మైసీనీకి ఉదయమంతా ఇచ్చావు, ఒలింపియాకు దాదాపు రోజంతా ఇచ్చావు. మిస్త్రాస్ దగ్గర మాత్రం ‘దారిలో ఒక గంట’ అని ఉంది. ఈ ఉత్తరం ఇంత పొడవు కావడానికి ఆ ఒక్క గంటే కారణం.

గ్రీసు గురించి మనం రాసుకునే వాటిలో సోక్రటీసు ఉంటాడు, అలెగ్జాండర్ ఉంటాడు, వెంటనే నేటి ఏథెన్స్ వీధులు వచ్చేస్తాయి. మధ్యలో రెండు వేల ఏళ్లు కనిపించవు. ఆ రెండు వేల ఏళ్లూ అక్కడ మనుషులు పంటలు పండించారు, పిల్లల్ని పెంచారు, గుడులు కట్టారు, కోటలు పోగొట్టుకున్నారు. వాళ్లను వదిలేసి రాసిన గ్రీసు నాకు సగం గ్రీసుగానే అనిపిస్తుంది. ఏ కట్టడం ఎప్పుడు కట్టారో గైడు నువ్వు అడగకపోయినా చెబుతాడు. ఆ తరువాత అక్కడ ఎవరున్నారు, ఆ రాళ్లను ఏం చేసుకున్నారు అన్నది నువ్వే అడగాలి. అడుగుతూనే ఉండాలి.

మిస్త్రాస్ సంగతి చెబుతాను. స్పార్టాకు పడమరగా, టైగెటస్ పర్వతం అంచున ఒక నిటారు గుట్ట. 1249లో దాని మీద కోట కట్టినవాడు గ్రీకువాడు కాదు, విల్‌హార్డూయిన్ వంశానికి చెందిన గియోమ్ అనే ఫ్రెంచి ప్రభువు. క్రూసేడ్ల పేరుతో వచ్చి దక్షిణ గ్రీసు ద్వీపకల్పమైన పెలొపొనీసును పంచుకున్న కుటుంబాల్లో వాళ్లదొకటి. పదేళ్లకే, 1259లో, పెలగోనియా యుద్ధంలో గియోమ్ ఓడి దాక్కుంటే, ఎత్తు పళ్లను బట్టి గుర్తుపట్టి పట్టుకున్నారని ఆ కాలపు బైజాంటైన్, అంటే తూర్పు రోమన్ సామ్రాజ్యపు, చరిత్రకారుడు రాశాడు. విడుదల కోసం ఆయన బైజాంటైన్ చక్రవర్తికి ఇచ్చుకున్న కోటల్లో మిస్త్రాస్ ఒకటి, మోనెంవాసియా మరొకటి. అలా చేతులు మారిన గుట్ట మీద తరువాతి రెండు శతాబ్దాల్లో ఒక నగరమే పెరిగింది. ప్లెథాన్ అనే తత్వవేత్త అక్కడ ప్లేటోను బోధించాడు. 1438-39లో ఇటలీలో జరిగిన చర్చి మహాసభకు వెళ్లినప్పుడు ఫ్లోరెన్స్ పండితులకు ప్లేటో మీద ఆసక్తి రగిలించాడు. ఆయన పోయిన కొన్నేళ్లకు, 1460లలో, ఒక ఇటాలియన్ సేనాని ఆ ఎముకలను తవ్వించి రిమినీకి తీసుకువెళ్లి అక్కడి చర్చిలో సమాధి చేయించాడు. అంత భక్తి ఆ మనిషి మీద!

1449 జనవరి 6న కాన్‌స్టాంటైన్ పాలైయొలొగోస్‌ను చక్రవర్తిగా ప్రకటించింది కూడా మిస్త్రాస్‌లోనే. 1453 మే 29న కాన్‌స్టాంటినోపుల్ గోడల దగ్గర పోరాడుతూ చనిపోయిన చివరి బైజాంటైన్ చక్రవర్తి ఆయనే. మిస్త్రాస్ ఇంకో ఏడేళ్లు నిలిచి 1460లో తురుష్కుల వశమైంది. ఇంత కథ ఉన్న చోటును గంటలో చూసి ఏం రాస్తావు? నాఫ్లియోలో ఒక పూట తగ్గించుకుని రోజంతా ఇక్కడ ఉండు. కోటకు ఎగువన ఒక ద్వారం, దిగువన ఒక ద్వారం ఉన్నాయి. ఎగువ ద్వారం దగ్గర దింపి, దిగువ ద్వారం దగ్గర ఎదురుచూడమని డ్రైవరుకు చెప్పు. ముందు పైకోట, ఆపైన రాజప్రాసాదాలు, తరువాత చర్చిలు ఒక్కొక్కటిగా దిగుతూ చూడవచ్చు. సొంత కారు పెట్టుకున్నందుకు ఇలాంటి చోటే ఫలితం దక్కుతుంది. పంటనాస్సా మఠంలో ఇప్పటికీ సన్యాసినులు ఉంటున్నారు, ఆ పాడుపడిన నగరంలో మిగిలిన నివాసులు వాళ్లే. 1428లో ప్రతిష్ఠించిన ఆ చర్చిలోని కుడ్యచిత్రాల ముందు తొందరపడకు. కళ్లు ఆ చీకటికి అలవాటు పడ్డాకే రంగులు తేరుకుంటాయి.

ఏథెన్స్‌లో కూడా ఇదే కన్నుతో చూడు. అక్రోపొలిస్ కొండ ఈనాడు అంత శుభ్రంగా, క్రీస్తుపూర్వం ఐదో శతాబ్దం తప్ప మరేదీ లేనట్టు కనిపిస్తుంది. అది కాలం చేసిన పని కాదు, మనుషులు చేసిన ఎంపిక. ఆ కొండ మీది అథీనా దేవత గుడి పార్థెనాన్ శతాబ్దాల పాటు చర్చిగా ఉంది, ఆపైన మసీదు అయింది. 1687 సెప్టెంబరు 26న, లోపల తురుష్కులు దాచిన మందుగుండు మీద వెనిస్ సైన్యం వేసిన గుండు పడి పేలిపోయింది. ముఖద్వారం పక్కన మధ్యయుగపు ఎత్తైన బురుజు ఒకటి పంతొమ్మిదో శతాబ్దం దాకా నిలిచే ఉంది. దాన్ని 1870లలో కూల్చేశారు. ఆ ఖర్చు భరించింది మైసీనీ తవ్వకాలతో పేరు పొందిన ష్లీమన్. ప్రాచీన గ్రీసును ప్రేమించినవాళ్లే మధ్యయుగపు గ్రీసును చెరిపేశారు. పార్థెనాన్ మీద నువ్వు రాసే వ్యాసంలో, ఇప్పుడు లేని ఆ బురుజుకు ఒక పేరా ఇవ్వమని నా కోరిక.

కొండ దిగాక ఏథెన్స్ పెద్ద చర్చి పక్కన ఒక బుల్లి చర్చి ఉంటుంది, పనగియా గొర్గొఎపికూస్. దాని గోడలను పాత కట్టడాల చెక్కుడు రాళ్లతో పేర్చారు. పడమటి గుమ్మం పైన ప్రాచీన ఏథెన్స్ పండుగల పంచాంగం చెక్కిన పలకలు ఉన్నాయి. పాత దేవతల ఉత్సవాల మధ్యలో తరువాతివాళ్లు శిలువలు చెక్కారు. చాలామంది దాని ముందు నుంచే నడిచి వెళ్లిపోతారు. నువ్వు కాగితం తీసి బొమ్మ గీసుకో, ఫోటో సరిపోదు. గీస్తున్నప్పుడే ఏ రాయి ఎక్కడ అతికిందో తెలుస్తుంది.

కొరింథు మన పాఠకుల్లో చాలామందికి ముందే తెలుసు. తెలుగు క్రైస్తవ కుటుంబాల్లో పౌలు కొరింథీయులకు రాసిన పత్రికలు ఎన్ని తరాలుగానో చదువుతున్నారు. పెళ్లిళ్లలో ప్రేమ గురించిన ఆ అధ్యాయం వినని ఊరు తక్కువ. కాబట్టి అక్కడికి వెళ్లినప్పుడు తెలుగు పాఠకుణ్ణి చేయి పట్టుకుని నడిపించడానికి నీకు దారి ఉంది. అయితే పౌలు చూసిన కొరింథు ఏ కొరింథో చెప్పు. పాత గ్రీకు నగరాన్ని క్రీస్తుపూర్వం 146లో రోమన్ సేనాని మమ్మియస్ నేలమట్టం చేశాడు. క్రీస్తుపూర్వం 44లో జూలియస్ సీజర్ మళ్లీ స్థాపించిన రోమన్ నగరం పౌలుది. రోమన్ గవర్నరు గల్లియో ఎదుట ఆయన నిలబడ్డాడని చెప్పే న్యాయపీఠం ఆ రోమన్ అంగడివీధిలో ఉంటే, అపోలో గుడిలో నిలిచి ఉన్న ఏడు ఏకశిలా స్తంభాలు అంతకు ఆరు శతాబ్దాల ముందువి. పైన అక్రొకొరింథ్ కోట గోడల్లో బైజాంటైన్లు, ఫ్రాంకులు, వెనీషియన్లు, తురుష్కులు తలా ఒక చెయ్యి వేశారు. కింది శిథిలాలు చూసి వెనుదిరగకుండా కోట మూడు ద్వారాలూ దాటి పైకి ఎక్కండి. కొరింథు కాలువ దగ్గర మాత్రం ఎక్కువసేపు ఆగవద్దు. 1893లో తెరిచిన ఆ కాలువను వంతెన మీద నుంచి ఒకసారి చూస్తే చాలు.

మైసీనీలో నీకు మరో పరీక్ష ఎదురవుతుంది. ప్రసిద్ధమైన బంగారు ముఖకవచాన్ని అందరూ ట్రాయ్ యుద్ధానికి గ్రీకులను నడిపించాడని చెప్పే రాజు అగమెమ్నాన్‌ది అంటారు. ష్లీమన్ 1876లో దాన్ని బయటికి తీశాడు. కానీ అది క్రీస్తుపూర్వం పదహారో శతాబ్దానిది. ట్రాయ్ యుద్ధం జరిగి ఉంటే, దానికి మూడు వందల ఏళ్ల కిందటిది. అక్కడే ఉన్న అట్రియస్ ఖజానా అన్నది ఖజానా కాదు, సమాధి. గైడు పురాణమూ చెబుతాడు, చరిత్రా చెబుతాడు. రెండూ రాయి, కానీ ఏది ఏదో పాఠకుడికి తెలిసేలా రాయి. దీనికి మంచి గురువు రెండో శతాబ్దపు గ్రీకు యాత్రా రచయిత పౌసానియస్. మైసీనీ సింహద్వారాన్ని ఆయన కూడా చూసి రాశాడు. అప్పటికే అది పద్నాలుగు వందల ఏళ్ల పాత శిథిలం! గ్రీకులు చెప్పుకునేవన్నీ రాయడం తన బాధ్యత అనీ, అన్నిటినీ నమ్మాల్సిన బాధ్యత తనకు లేదనీ ఆయన ఒకచోట అంటాడు. నీ నోటుపుస్తకంలో ప్రతి పేజీకి మధ్యగా ఒక గీత గీసుకో. ఎడమవైపు నువ్వు చూసింది, కుడివైపు నీకు ఎవరో చెప్పింది. ఇంటికి వచ్చి రాసేటప్పుడు ఆ గీత నిన్ను కాపాడుతుంది. అట్రియస్ సమాధి ద్వారం పైన ఉన్న లోపలి దూలపు రాయి నూట ఇరవై టన్నుల దాకా ఉంటుందని చెబుతారు. అంకె రాస్తే సరిపోదు. దాని కింద నిలబడి తల పైకెత్తినప్పుడు నీ మెడకు ఏమనిపించిందో కూడా రాయి.

ఎపిడారస్ నాటకశాలలో అందరూ నాణెం జారవిడిచి శబ్దం వింటారు. నువ్వూ విను, తప్పేం లేదు. కానీ అది వైద్య క్షేత్రమనీ, రోగులు అక్కడ నిద్రించి కలలో అస్క్లేపియస్ దేవుడి చేత నయం చేయించుకునేవారనీ, ఆ నయమైన కథలను రాతి పలకల మీద చెక్కించారనీ మరచిపోకు. ఆ పలకలు అక్కడి మ్యూజియంలో ఉన్నాయి.

డెల్ఫీ గురించి ఒక్కటి బతిమాలి చెబుతున్నాను. అందరూ భవిష్యవాణి వెంట పడతారు. అపోలో గుడి అరుగును మోస్తున్న ఒక గోడ ఉంది. వంకర అంచుల రాళ్లను సందు లేకుండా కూర్చి కట్టారు. దాని దగ్గరికి వెళ్లి చూస్తే రాతి నిండా చిన్న అక్షరాలు. వాటిలో ఎక్కువ భాగం బానిసల విడుదల పత్రాలు. బానిసను అపోలో దేవుడికి అమ్మినట్టు రాసి, ఆ అమ్మకం ద్వారా స్వేచ్ఛ ఇచ్చేవారు. పేరు, ధర, సాక్షులు అన్నీ ఉంటాయి. కొన్నిట్లో యజమాని బతికున్నంత కాలం ఆయన దగ్గరే ఉండి సేవ చేయాలన్న షరతు కూడా ఉంటుంది. స్వేచ్ఛ కొనుక్కుని కూడా ఇంకొకరి చావు కోసం ఎదురుచూసిన మనిషిని ఊహించు. రాజుల కానుకల మందిరాల పక్కనే, ఆ పేరులేని జనం పేర్లు రాతి మీద మిగిలాయి. గైడు ఆ గోడ దగ్గర ఆగకపోతే ఆపించు, ఒక పేరైనా చదివి అర్థం చెప్పమని అడుగు.

ప్రయాణ సంగతులు కొన్ని. గ్రీసులో పురావస్తు స్థలాల లోపల వివరించే అధికారం లైసెన్సు ఉన్న గైడులకే ఉంది. డ్రైవరుకు ఎంత తెలిసినా టికెట్ల దగ్గరే ఆగిపోతాడు. గైడును అన్నిచోట్లా పెట్టుకోవద్దు. మైసీనీ, డెల్ఫీలకు పెట్టుకో, మిస్త్రాస్‌లో ముందే చదువుకుని ఒంటరిగా తిరుగు. కారులో డ్రైవరు తన ఊరి గురించి, తన పిల్లల గురించి చెప్పే మాటలు ఆసక్తిగా ఉంటాయి. వాటిని రాయదలిస్తే ముందు ఆయన అనుమతి తీసుకో. మీరు వేసవిలో వెళ్తున్నారు. ఎండలు మరీ తీవ్రమైనప్పుడు మధ్యాహ్నం పూట అక్రోపొలిస్‌ను మూసివేస్తున్నారు, 2023లోనూ 2024లోనూ అలాగే చేశారు. అందుకని ప్రతి రోజూ గేటు తెరిచే వేళకు అక్కడ ఉండేలా చూసుకోండి. మెటియోరాలో ఇప్పుడు నడుస్తున్న ఆరు మఠాలకూ వారంలో వేర్వేరు సెలవు రోజులు ఉంటాయి, ముందే కనుక్కోండి. అవి నిజంగా పూజలు జరిగే చోట్లు. మన గుడుల్లో ఎలా మసలుకుంటామో అక్కడా అలాగే మసలుకోవాలి. డెల్ఫీకి దగ్గరలోనే హోసియోస్ లూకాస్ మఠం ఉంది, నీ పట్టికలో లేదు. పదకొండో శతాబ్దపు బంగారు మొజాయిక్‌ల కోసం దాన్ని చేర్చు.

ఇక రాత సంగతి. మిస్త్రాస్‌లో నీకు హంపి గుర్తుకొస్తుంది, కొండ కోటలు చూస్తే గోల్కొండ గుర్తుకొస్తుంది. రాయకు. పోలిక తేలికగా దొరికినప్పుడల్లా పాఠకుడు కొత్త చోటు చూడడం మానేసి తెలిసిన చోటుకు వెళ్లిపోతాడు. నిజమైన సంబంధం ఉన్నచోట మాత్రం వదలకు. నువ్వు లండన్‌లో ఉంటున్నావు కాబట్టి బయలుదేరే ముందు ఒక ఆదివారం బ్రిటిష్ మ్యూజియానికి వెళ్లు. ఆర్కేడియా కొండల్లోని బస్సై అపోలో గుడి శిల్పపట్టిక అక్కడ ఉంది. కృష్ణ ఒడ్డు నుంచి వెళ్లిన మన అమరావతి శిల్పాలూ అదే కప్పు కింద ఉన్నాయి. రెండు చోట్లా మిగిలిన రాళ్లు మ్యూజియాలకు చేరకముందు ఏమయ్యాయో తెలుసుకో. గ్రీసు పాలరాయి ఎంతో సున్నపు బట్టీల్లో కాలిపోయింది, అమరావతి స్తూపం రాళ్లు కూడా సున్నం కోసం కాలాయి. ఆ రెండు గదులూ ఒకే రోజు చూశాక, మిస్త్రాస్ నుంచి ఒలింపియా వెళ్లే రోజున దారి మళ్లించి బస్సై చూపించమని డ్రైవరును అడుగు. 1987 నుంచీ ఆ గుడి పెద్ద గుడారం కింద ఉంది. శిల్పాలు ఒకచోట, గుడి ఒకచోట. ఈ వ్యాసం రాయడానికి నీ అంత తగినవాళ్లు నాకు కనిపించడం లేదు.

ఒలింపియాలో ప్రాచీన శిల్పి ఫిడియస్ పనిశాలను వెతుకు. జియస్ బంగారు-దంతపు విగ్రహాన్ని ఆయన అక్కడే చెక్కాడు, తరువాత దాన్నే చర్చిగా మార్చారు. ఆ గోడలు మిగలడానికి కారణం ఆ చర్చే.

వ్యాసాలన్నీ పూర్తయ్యేదాకా ఆగవద్దు. డెల్ఫీ గోడ మీద రాసింది ముందు పంపు, చిత్తుప్రతి అయినా ఫరవాలేదు. ‘అద్భుతం’, ‘మహాద్భుతం’ అన్న చోట్లన్నీ నేను గుర్తుపెట్టి తిప్పి పంపుతాను, ఆ చోట్లలో నువ్వు ఏం చూశావో రాసి మళ్లీ పంపాలి. అమ్మానాన్నలను అడిగానని చెప్పు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు