టెక్ సందేహాలు: స్ఫటికంలో గొంతు దాచేదెలా?

ప్రశ్న: గేమ్‌లు తయారుచేసే సాఫ్ట్‌వేర్ గోడాట్ 4లో ఫాంటసీ గేమ్ చేస్తున్నాను. గుహలోని స్ఫటికాన్ని ముట్టుకుని మాట్లాడితే ఆ గొంతు అందులో నిలిచిపోవాలి. తర్వాత ఎవరు ముట్టుకున్నా వినిపించాలి, విన్నకొద్దీ మసకబారాలి. కానీ రికార్డయిన ఫైలులో నిశ్శబ్దమే ఉంటోంది. ఎక్కడ తప్పు చేస్తున్నాను?

జవాబు: ముందు నిశ్శబ్దం సంగతి చూద్దాం. గోడాట్‌లో మైకు ఇన్‌పుట్ మొదట్లో ఆఫ్‌లో ఉంటుంది. ప్రాజెక్ట్ సెట్టింగ్స్‌లో ఆడియో, అందులో డ్రైవర్ తెరిచి ‘ఎనేబుల్ ఇన్‌పుట్’కు టిక్ పెట్టండి. ఆండ్రాయిడ్ అయితే ఇది చాలదు. ఎక్స్‌పోర్ట్ చేసేటప్పుడు ‘రికార్డ్ ఆడియో’ అనుమతి టిక్ చేయాలి, గేమ్ నడుస్తుండగా ఆటగాణ్ని కూడా అనుమతి అడగాలి. అతను ‘అలో’ నొక్కేదాకా వచ్చేది నిశ్శబ్దమే. కాబట్టి మొదటి స్ఫటికం దగ్గరకు రాకముందే, మెనూలోనే అడిగేయండి.

ఇక రికార్డింగ్. ఆడియో ట్యాబ్‌లో ‘రికార్డ్’ పేరుతో కొత్త బస్ (ధ్వని ప్రవహించే దారి) చేర్చి, దానికి ‘ఆడియో ఎఫెక్ట్ రికార్డ్’ తగిలించండి. ఆ బస్‌ను మ్యూట్‌లో ఉంచండి. లేకపోతే మైకులోకి వెళ్లిన మాట స్పీకర్‌లోంచి వచ్చి, మళ్లీ మైకులో పడి కీచుమంటుంది. ఒక ఆడియో స్ట్రీమ్ ప్లేయర్‌కు ‘ఆడియో స్ట్రీమ్ మైక్రోఫోన్’ ఇచ్చి, ఆ బస్‌కు కలిపి, ప్లే చేసి ఉంచండి. ప్లే అవుతూ ఉండకపోతే రికార్డ్ ఎఫెక్ట్‌కు ఏమీ అందదు. ఎక్కువమంది మర్చిపోయేది ఇదే. ముట్టుకోగానే ‘సెట్ రికార్డింగ్ యాక్టివ్’ను ట్రూ చేయండి, చెయ్యి తీయగానే ఫాల్స్ చేసి ‘గెట్ రికార్డింగ్’తో ధ్వనిని తీసుకోండి.

దాచేది ‘యూజర్’ ఫోల్డర్‌లోనే. గేమ్ ఫైళ్లుండే ‘రెస్’ ఫోల్డర్ ఎడిటర్‌లో బాగానే రాయనిస్తుంది, ఎక్స్‌పోర్ట్ చేసిన గేమ్‌లో మాత్రం రాయనివ్వదు. ఫార్మాట్ 16 బిట్ ఉంచండి. చోటు కలిసొస్తుందని ధ్వనిని కుదించే ఐఎంఏ ఏడీపీసీఎం ఫార్మాట్ పెడితే వేవ్ ఫైలుగా సేవ్ అవ్వదు. దాచిన వేవ్ ఫైలును గేమ్ నడుస్తుండగా నేరుగా తెరిచే ‘లోడ్ ఫ్రమ్ ఫైల్’ సౌకర్యం 4.4 నుంచి వచ్చింది, పాత వెర్షన్‌లో ఉంటే అప్‌డేట్ అవ్వడమే మేలు. 44,100 హెర్ట్జ్ స్టీరియోలో సెకనుకు 1,76,400 బైట్లు పడతాయి. పది సెకన్ల మాటకు సుమారు 1.76 ఎంబీ, నలభై స్ఫటికాలు నిండితే 70 ఎంబీ దాటుతుంది. ఒక్కో స్ఫటికానికి పది సెకన్ల హద్దు పెట్టండి. ఆటకూ అదే అందం, ఆటగాడు ఆచితూచి మాట్లాడతాడు. గొంతు సన్నబడో బండబారో వస్తుంటే మైకు, స్పీకర్ల శాంపిల్ రేట్లు (సెకనుకు ధ్వనిని ఎన్నిసార్లు కొలుస్తారన్నది) సరిపోలుతున్నాయో లేదో విండోస్ సౌండ్ సెట్టింగ్స్‌లో చూడండి.

మసకబారడానికి వాల్యూమ్ తగ్గించకండి. దూరంగా ఉన్నట్టు అనిపిస్తుందే తప్ప పాతబడినట్టు అనిపించదు. ‘స్ఫటికం’ పేరుతో ఇంకో బస్ పెట్టి దానికి లో-పాస్ ఫిల్టర్ (ఒక హద్దుకు, అంటే కటాఫ్‌కు, పైనున్న ధ్వనులను తగ్గించేది), రివర్బ్ (గుహలో లాంటి ప్రతిధ్వని) ఇవ్వండి. ఒక్కో స్ఫటికాన్ని ఎన్నిసార్లు విన్నారో లెక్క దాచి, ప్లే చేసే ముందు ఫిల్టర్ కటాఫ్‌ను దాన్నిబట్టి మార్చండి: మొదటిసారి 8,000 హెర్ట్జ్, తర్వాత 5,000, ఆపైన 3,400. పాత ల్యాండ్‌లైన్ ఫోన్లు 300 నుంచి 3,400 హెర్ట్జ్ మేరకే మోసేవి, అయినా మాట తెలిసేది. కాబట్టి అంతవరకూ అర్థమవుతుంది. 1,000కు దించితే ‘స’, ‘శ’, ‘త’ లాంటి హల్లులు పోయి అచ్చుల గుణుగుడు మిగులుతుంది. మరిచిపోతున్న మాట సరిగ్గా అలాగే ఉంటుంది! ఒకేసారి ఒక్క స్ఫటికమే మోగేలా చూసుకోండి, బస్ ఒక్కటే కనుక ఫిల్టర్ మార్పు అన్నిటికీ తగులుతుంది.

ముట్టుకున్నప్పుడు వచ్చే ఖంగుమనే ధ్వనికి కొనుక్కున్న గంట శబ్దాలు వాడొద్దు. గంట గంటలాగే వినిపిస్తుంది. స్ఫటికాన్ని ఒక కడ్డీ అనుకోండి. రెండు కొసలూ దేనికీ బిగించని కడ్డీని కొడితే వచ్చే స్వరాలు 1, 2.756, 5.404 నిష్పత్తిలో ఉంటాయి. అంటే 600 హెర్ట్జ్ మూల స్వరమైతే పైన 1,654, 3,242 హెర్ట్జ్ దగ్గర రెండు సైన్ తరంగాలు (ఒకే పౌనఃపున్యం ఉన్న శుద్ధ స్వరాలు) కలపండి. పై స్వరాలు ముందుగా ఆరిపోవాలి. స్ఫటికం పెద్దదయ్యేకొద్దీ మూల స్వరం దిగాలి. గొంతు పిచ్‌ను మాత్రం 0.9, 1.1 మధ్యనే ఉంచండి. ‘పిచ్ స్కేల్’ మారిస్తే వేగమూ మారుతుంది, ఎవరి గొంతో పోల్చుకోలేం.

ప్రశ్న: ఇలా డేటా దాచే స్ఫటికం నిజంగా ఉందా? మా తాతగారి హరికథ రికార్డింగులు అందులో పెట్టించవచ్చా?

జవాబు: ఉంది. ఇంట్లోకి మాత్రం ఇంకా రాలేదు. ఇంగ్లండ్‌లోని సౌతాంప్టన్ విశ్వవిద్యాలయంలో పీటర్ కజాన్‌స్కీ బృందం 2013లో 300 కిలోబైట్ల టెక్స్ట్ ఫైలును ఇలా రాసి చూపించింది. ‘మెమరీ క్రిస్టల్’ అని పేరొచ్చినా అది నిజానికి ఫ్యూజ్డ్ సిలికా. పలుగురాయిలో ఉండే పదార్థమే, కానీ అణువుల వరస లేని గాజు. అతి స్వల్ప కాలపు కాంతి స్పందనలు వదిలే ఫెమ్టోసెకండ్ లేజర్ అందులో అతి చిన్న చుక్కలు పెడుతుంది. చుక్క ఉన్న చోటుకు మూడు కొలతలు, అది కాంతి ధ్రువణాన్ని (కాంతి తరంగం ఊగే తీరును) మార్చే దిశ ఒకటి, ఎంత గట్టిగా మారుస్తుందన్నది మరొకటి. ‘5డీ’ అన్నది అందుకే. ఒక్క బిళ్లలో 360 టెరాబైట్ల దాకా పట్టించవచ్చని, 1,000 డిగ్రీల సెల్సియస్ వేడిని తట్టుకుంటుందని ఆ బృందం లెక్క. 2024లో మనిషి జన్యుపటం మొత్తాన్ని ఇందులో రాసి ఆస్ట్రియాలోని హాల్‌స్టాట్ ఉప్పు గనిలో ఉన్న భాండాగారంలో ఉంచారు.

అడ్డంకి వేగం. 2021లో ఆ బృందం చేరిన వేగం సెకనుకు 230 కిలోబైట్లు. ఒక టెరాబైట్ రాయడానికి దాదాపు యాభై రోజులు! చదవడానికి ధ్రువణ కాంతిని కొలిచే మైక్రోస్కోప్ ఉండాలి. తాతగారి క్యాసెట్లు అంతదాకా ఆగవు. ఇప్పుడే కంప్యూటర్‌లోకి ఎక్కించండి. టేపును ఒకసారి పూర్తిగా ముందుకు, వెనక్కి చుట్టండి. క్యాసెట్ పైఅంచున ఉండే చిన్న చెవులు విరగకుండా ఉన్నాయేమో చూడండి. ఉంటే విరిచేయండి, పొరపాటున చెరిగిపోదు. ప్లేయర్ హెడ్‌ను ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో తుడవండి. కేబుల్‌ను లైన్-ఇన్‌లో పెట్టండి, మైకు సాకెట్‌లో పెడితే గొంతు చిట్లుతుంది. ధ్వని రికార్డ్ చేసే ఆడాసిటీ సాఫ్ట్‌వేర్‌లో 48,000 హెర్ట్జ్, 24 బిట్ మోనో ఎంచుకుని, అత్యధిక స్థాయి మైనస్ 6 డెసిబెల్స్ దాటకుండా చూడండి. గంటకు సుమారు 520 ఎంబీ. ముందుగా ఉన్నదున్నట్టు ఒక ఫ్లాక్ ఫైలు (నాణ్యత పోకుండా కుదించేది) దాచి, రొద తగ్గించే పని దాని కాపీ మీదే చేయండి.

ప్రశ్న: ఫొటో, గొంతు కలిపిన గాజు దిమ్మె ఆన్‌లైన్‌లో చూశాను. కొనవచ్చా?

జవాబు: గాజు లోపల లేజర్ చెక్కేది బొమ్మను మాత్రమే. గొంతు దిమ్మెలో ఉండదు, అడుగున ఉన్న క్యూఆర్ కోడ్ ఎవరి సర్వర్‌నో చూపిస్తుంది. ఆ సంస్థ సర్వర్ ఆపేస్తే కోడ్ ఖాళీ పేజీకి వెళ్తుంది. ఎన్నేళ్లు ఉంచుతారో, ఫైలు దించుకోనిస్తారో లేదో ముందే రాతపూర్వకంగా అడగండి. కొన్నాక అసలు ఆడియో ఫైలును రెండు వేర్వేరు డిస్కుల్లో, మూడో కాపీని వేరే ఊళ్లో ఉన్న బంధువు దగ్గర ఉంచండి.