సింహళ పల్లెల తంతులో రోగాలకు ముసుగులు ఎందుకు?

దక్షిణ శ్రీలంక పల్లెల్లో రోగం నయం కావడానికి రాత్రంతా చేసే సన్ని యకుమ అనే తంతులో 18 మంది సన్ని యక్షులుంటారు, అంటే రోగాలు తెచ్చే దుష్టశక్తులు. ఒక్కొక్కరిది ఒక్కో జబ్బు: కణ సన్నియది గుడ్డితనం, బిహిరి సన్నియది చెవుడు. కంటికి కనబడని రోగానికి ముసుగుతో ఒక మొహం, పేరు వస్తాయన్నమాట. అసలు విషయం ఆ తర్వాతే. ముసుగేసుకుని భయపెడుతూ దూకిన యక్షుడి వేషగాణ్ణి డోలు వాయించేవాడు ఎగతాళి చేస్తాడు. బూతు జోకులు కూడా పడతాయి, జనం పగలబడి నవ్వుతారు. రోగి టెన్షన్ అక్కడే సగం దిగిపోతుందని నాకనిపిస్తుంది. చివరికి యక్షుడు బుద్ధుడి ఆజ్ఞకు తలొగ్గి, నైవేద్యం తీసుకుని వెళ్లిపోతాడు. వీళ్ల నాయకుడు కోల సన్నియ. తప్పుడు అనుమానంతో రాజు చంపించిన రాణి కడుపున పుట్టి, పగతో వైశాలి నగరాన్ని పీడిస్తే బుద్ధుడే లొంగదీశాడని కథ.